మొదటి జూలియట్ లెనిన్‌గ్రాడ్‌లో కాదు, బృనోలో

సంపాదకుల వారికి,

నమస్కారం. పోయిన ఆదివారం మీ అనుబంధంలో బాలే మీద వచ్చిన వ్యాసం రెండుసార్లు చదివాను. మొదటిసారి ఇష్టంగా, రెండోసారి పెన్ను చేత్తో పట్టుకుని. వ్యాసం బాగా రాశారు, అసలు బాలే గురించి తెలుగు పేపర్లో ఒక పేజీ రావడమే గొప్ప. కానీ మూడో పేరాలో, రష్యన్ సంగీతకారుడు ప్రొకోఫియెవ్ సంగీతం కూర్చిన రోమియో జూలియట్ బాలేని మొట్టమొదట 1940లో లెనిన్‌గ్రాడ్‌లో ప్రదర్శించారని, ప్రపంచంలో తొలి జూలియట్ గలీనా ఉలనోవా అని రాశారు. అది తప్పండీ. ఆ బాలే అంతకు ఏడాది ముందే, 1938 డిసెంబర్ 30న, చెకొస్లొవేకియాలోని బృనో అనే ఊళ్లో ఆడింది. ఆ రాత్రి జూలియట్‌గా నాట్యం చేసినావిడ పేరు జోరా షెంబెరోవా.

ఇంత చిన్న తప్పుకి ఇంత పెద్ద ఉత్తరమా అనుకుంటారేమో. నిజం చెప్పాలంటే ఇది సగం మీకు, సగం నాకు నేను రాసుకుంటున్న ఉత్తరం. ఎందుకంటే ఇదే తప్పు నేను ఏళ్ల తరబడి క్లాసులో చెప్పాను. నేను నాట్యం పాఠాలు చెప్పుకునే మనిషిని. మా పిల్లలకి ప్రపంచ నాట్య చరిత్ర మీద ఒక చిన్న పరీక్ష పెడతాం, అందులో ఒక మార్కు ప్రశ్నల్లో ప్రతి ఏడూ వచ్చే ప్రశ్న ఇది: తొలి జూలియట్ ఎవరు? అందరూ ఉలనోవా అని రాస్తారు, నేను టిక్కు కొట్టుకుంటూ పోతాను. రెండేళ్ల కిందట ఒక అమ్మాయి "జోరా షెంబెరోవా, బృనో" అని రాసింది. ఎర్ర పెన్నుతో అడ్డంగా కొట్టేసి, పక్కన "ఉలనోవా" అని రాసి, కింద రెండు గీతలు గీశాను. ఒక గీత సరిపోయేది. ఆ అమ్మాయి గొడవేం పెట్టుకోలేదు. అందరూ వెళ్లిపోయాక వచ్చి, "మేడమ్, ఒక్కసారి ఇది చూస్తారా" అని ఫోన్ నా చేతిలో పెట్టింది. చూశాను. అప్పుడు నా మొహం ఎలా ఉందో నాకు తెలీదు గానీ ఆ పిల్ల మాత్రం నవ్వలేదు, అది దాని మంచితనం.

అప్పట్నుంచీ దొరికినంతా చదువుతున్నాను. ఇప్పుడు మీ వ్యాసం కనబడింది, ఇక ఆగలేకపోయాను.

ముందు ఆ ఊరి పేరు సంగతి. ఇంగ్లిష్‌లో చూస్తే మొదటి మూడు అక్షరాల మధ్య అచ్చే కనిపించదు, మన పేపర్లలో బ్రనో అనీ బ్రునో అనీ బెర్నో అనీ రకరకాలుగా రాస్తున్నారు. చెక్ భాషలో ర్ తనంత తానే అచ్చులాగా నిలబడుతుంది. ఆ పని చేయడానికి మనకి ఒక అక్షరం ఎప్పట్నుంచో ఉంది, ఋ. అందుకే నేను బృనో అని రాస్తున్నాను. మనం ఋషిని రుషి అని పలికేస్తాం కాబట్టి కొంచెం తేడా రావచ్చు, అయినా మిగతా వాటికన్నా ఇదే నయం.

షెంబెరోవా 1913 మార్చి 13న ఆ బృనోకి దగ్గరలోని విష్కోవ్ అనే చిన్న ఊళ్లో పుట్టింది. నాట్యం బృనోలో నేర్చుకుంది, తర్వాత పారిస్ వెళ్లి ఓల్గా ప్రియోబ్రజెన్‌స్కాయా దగ్గర నేర్చుకుంది. ఈ ప్రియోబ్రజెన్‌స్కాయా రష్యా చక్రవర్తుల కాలంలో పీటర్స్‌బర్గ్‌లో పెద్ద బాలేరినా, విప్లవం తర్వాత పారిస్ చేరి పాఠాలు చెప్పుకుంటూ బతికింది. అలా రష్యన్ బాలే విద్య పారిస్ మీదుగా ఒక చెక్ అమ్మాయి కాళ్లలోకి వచ్చింది, ఆ అమ్మాయే తర్వాత రష్యా వాళ్లు వద్దన్న రష్యన్ బాలేని రష్యాకన్నా ముందు ఆడింది. ఇది తలుచుకుంటే నాకు భలే గమ్మత్తుగా ఉంటుంది.

వద్దనడం ఏమిటంటారా. ప్రొకోఫియెవ్ ఈ సంగీతాన్ని 1935లో రాశాడు. మాస్కోలో బల్షోయ్ థియేటర్ వాళ్లు విని, దీనికి నాట్యం చేయడం కుదరదన్నారు. ఆ తాళం వాళ్లకి అంతుబట్టలేదు. పైగా మొదట్లో ఆయన రాసిన కథలో రోమియో జూలియట్ ఇద్దరూ చచ్చిపోరు, బతికి నాట్యం చేస్తారు! ఎందుకలా అంటే, బతికున్నవాళ్లు నాట్యం చేయగలరు గానీ పడుకుని చచ్చిపోతున్నవాళ్లు ఎలా చేస్తారు అని ఆయన జవాబు. వినడానికి నవ్వొస్తుంది గానీ నాట్యం నేర్పేవాళ్లని అడగండి, అందులో ఎంత నిజం ఉందో చెబుతారు. స్టేజి మీద చావు ఎంత కష్టమో, ఆ చావుకి ముందు పది అడుగులు ఎంత కష్టమో. తర్వాత ఆయన మనసు మార్చుకుని విషాదాంతమే చేశాడు.

ఇంతలో కాలం చెడింది. 1936 జనవరిలో సోవియట్ పార్టీ పత్రిక ప్రావ్దా, షోస్తకోవిచ్ అనే ఇంకో సంగీతకారుడి ఒపేరాని (పాటలతో నడిచే నాటకాన్ని) చీల్చి చెండాడింది, ఫిబ్రవరిలో ఆయన బాలేని. ఆ బాలేకి కథ రాసినవాళ్లలో ఒకడు, రోమియో జూలియట్ కథ కూర్పులోనూ చేయి ఉన్నవాడు, ఏడ్రియన్ పియోత్రోవ్‌స్కీ. 1937లో ఆయన్ని అరెస్టు చేసి కాల్చి చంపేశారు. అలాంటి రోజుల్లో కొత్త బాలేకి ఏ థియేటర్ వాళ్లు ధైర్యం చేస్తారు? ప్రొకోఫియెవ్ మాత్రం చేతులు కట్టుకుని కూర్చోలేదు. బాలేలోని ముక్కల్ని ఏరి కచేరీల్లో వాయించుకునేలా రెండు సూట్లు తయారుచేశాడు. బాలే బయటికి రాకపోయినా దాని సంగీతం అలా ఊళ్లు తిరిగింది.

బృనోకి చేరింది ముఖ్యంగా ఈ రెండు సూట్ల సంగీతమే. అందుకే అక్కడ ఆడింది ఇవాళ మనం చూసే మూడంకాల పెద్ద బాలే కాదు, ఒకే అంకంలో అయిపోయే చిన్నది. ఈ మాట పట్టుకుని కొందరు, అయితే అది అసలు ప్రదర్శన కిందికి రాదు, అసలుది లెనిన్‌గ్రాడ్‌దే అంటారు. నాకు ఆ వాదన నచ్చదు. లెనిన్‌గ్రాడ్‌లో నాట్యం కూర్చిన లావ్రోవ్‌స్కీ కూడా ప్రొకోఫియెవ్ గోల పెడుతున్నా వినకుండా సంగీతాన్ని చాలా మార్చాడు. రాసింది రాసినట్టు ఆడితేనే లెక్క అనుకుంటే ఉలనోవా కూడా లెక్కలోకి రాదు మరి. కథ ఉంది, ఆ సంగీతం ఉంది, నాట్యం కూర్చారు, వేషాలు వేశారు, టిక్కెట్లు అమ్మారు, తెర లేచింది. ఇంకేం కావాలి?

నాట్యం కూర్చిందీ రోమియోగా ఆడిందీ ఒక్కడే, ఇవో వాన్యా ప్సోటా. 1908లో కీవ్‌లో పుట్టిన చెక్ మనిషి. అంతకు ముందు కర్నల్ డి బాసిల్ గారి బాలే రూస్ బృందంతో దేశాలన్నీ తిరిగి నాట్యం చేసి, 1936లో బృనోకి వచ్చాడు. ఆ ప్రదర్శన నాటికి ఆయనకి ముప్పయ్యేళ్లు, షెంబెరోవాకి ఇరవై అయిదు.

ఆ థియేటర్ గురించి కూడా ఒక మాట చెప్పాలి, విషయానికి కొంచెం దూరమే అయినా. ఇవాళ మాహెన్ థియేటర్ అంటారు. 1882లో తెరిచారు. అంతకు ముందు ఏడాది డిసెంబర్‌లో వియన్నాలో రింగ్ థియేటర్ తగలబడి వందల మంది చచ్చిపోయారు, అప్పట్లో థియేటర్లన్నీ గ్యాస్ దీపాల మీదే నడిచేవి. ఆ భయంతో బృనో వాళ్లు గ్యాస్ వద్దని ఎడిసన్ కరెంటు బల్బులు పెట్టించారు. ఊళ్లో కరెంటే లేదు, అందుకని ఒక్క థియేటర్ కోసం దగ్గర్లో ఆవిరితో నడిచే చిన్న కరెంటు కేంద్రం కట్టుకున్నారు. 1911లో ఎడిసనే వచ్చి చూసి వెళ్లాడు. ఇదే స్టేజి మీద చెక్ సంగీతకారుడు యానాచెక్ ఒపేరాలు ఒకదాని తర్వాత ఒకటి, 1921, 1924, 1926లో, మొదటిసారి ఆడాయి. అంటే కొత్తది ముందు తాము ఆడేయడం ఆ ఊరికి అలవాటే. ప్రాగ్ పెద్ద ఊరు, వియన్నా ఇంకా పెద్ద ఊరు, ఆ రెండిటి మధ్యలో ఉన్న బృనోకి పట్టుదల ఎక్కువ.

ఇప్పుడు ఆ తేదీని ఇంకోసారి చూడండి. 1938 డిసెంబర్ 30. సరిగ్గా మూడు నెలల ముందు, సెప్టెంబర్ 30న, మ్యూనిక్‌లో నాలుగు దేశాల వాళ్లు కూర్చుని చెకొస్లొవేకియా సరిహద్దు జిల్లాల్ని హిట్లర్ చేతిలో పెట్టేశారు. ఆ సంతకాలప్పుడు చెక్ వాళ్లని గదిలోకి కూడా పిలవలేదు. దేశం సగం ఊపిరితో ఉంది. జర్మన్లు జనాభాలో పెద్ద వాటాగా ఉన్న బృనోలో ఆ చలికాలం ఎలాంటి టెన్షన్‌తో గడిచిందో ఊహించుకోవచ్చు. ఒకే ఊళ్లో రెండు వంశాల పగ, దాని మధ్య నలిగిపోయే ఇద్దరు పిల్లలు, ఈ కథ ఆ హాల్లో కూర్చున్నవాళ్లకి పాత ఇటలీ కథలాగా అనిపించి ఉండదు.

సంగీతం రాసినాయన రాలేదు. రానివ్వలేదు. ఆ ఏడాది మొదట్లో చేసిన పర్యటనే ప్రొకోఫియెవ్‌కి చివరి విదేశీ ప్రయాణం, ఆ తర్వాత సోవియట్ ప్రభుత్వం ఆయన్ని దేశం దాటనివ్వలేదు. తన బాలే ప్రపంచంలో మొదటిసారి స్టేజి మీదికి వస్తుంటే ఆయన మాస్కోలో కూర్చున్నాడు. షెంబెరోవా ఏ అడుగు ఎలా వేసిందో, ఆ సంగీతానికి నాట్యం కుదురుతుందని ఎలా రుజువు చేసిందో ఆయన చూడనే లేదు.

రెండున్నర నెలలకి, 1939 మార్చి 15న, జర్మన్ సైన్యం వచ్చి మిగిలిన చెక్ ప్రాంతాన్నీ మింగేసింది. ఒక సోవియట్ సంగీతకారుడి బాలే అక్కడ ఎంతకాలం ఆడుతుంది? కొద్ది ప్రదర్శనలతోనే ఆగిపోయింది. ప్సోటా యుద్ధ సమయంలో అట్లాంటిక్ దాటి మళ్లీ డి బాసిల్ బృందంతో అమెరికా ఖండాల్లో తిరిగాడు. యుద్ధం అయ్యాక బృనోకి తిరిగొచ్చి 1952లో, నలభై నాలుగు నిండకుండానే, పోయాడు. షెంబెరోవా ఆక్రమణ కాలమంతా దేశంలోనే ఉంది. 1944 సెప్టెంబర్ 1 నుంచి ఆ ప్రాంతంలో థియేటర్లన్నీ మూసేయించారు జర్మన్లు. ఆవిడ ప్రాగ్ నేషనల్ థియేటర్‌లో కూడా నాట్యం చేసింది.

లెనిన్‌గ్రాడ్ ప్రదర్శన 1940 జనవరి 11న. అక్కడ డాన్సర్లు ఈ సంగీతంతో నానా తంటాలు పడ్డారు. స్టేజి మీద నిలబడితే ఆర్కెస్ట్రా వినబడటం లేదన్నారు, లెక్క అందడం లేదన్నారు, ప్రదర్శనకి రెండు వారాల ముందు మేం ఆడమని మొండికేసిన సంగతి కూడా ఉంది. అంతా అయ్యాక జరిగిన విందులో ఉలనోవా గ్లాసు ఎత్తి, షేక్‌స్పియర్ చివరి వాక్యాన్ని తిప్పి, లోకంలో ప్రొకోఫియెవ్ సంగీతాన్ని మించిన విషాదగాథ లేదు అన్నట్టు హాస్యమాడిందని చెబుతారు. ఇది చదివినప్పుడు నాకు షెంబెరోవా గుర్తొచ్చింది. అదే సంగీతం, అదే చిక్కు తాళం, ముందెవరూ ఆడి చూపించింది లేదు. లెనిన్‌గ్రాడ్ వాళ్ల కీరోవ్ థియేటర్ అంత బలగమూ లేదు. పైగా ఊరి బయట సైన్యాలు.

ఉలనోవా మీద నాకు ఏ కోపమూ లేదు, ఎందుకుంటుంది. ఆవిడ జూలియట్‌ని చూసి ఏడవని మనిషి ఉంటే నాకు చూపించండి. 1955లో లావ్రోవ్‌స్కీ, ఆర్న్‌ష్టామ్ కలిసి దాన్ని రంగుల సినిమాగా తీశారు, అదే ఏడాది కాన్ ఫెస్టివల్‌లో బహుమతి వచ్చింది. అప్పటికి ఉలనోవాకి నలభై అయిదేళ్లు. జూలియట్‌కి పధ్నాలుగు కూడా నిండవు. అందులో ఒక చోట జూలియట్ సాయం కోసం ఫాదర్ లారెన్స్ దగ్గరికి పరిగెత్తుతుంది. అంతే, పరుగే, పెద్ద నాట్యమేం లేదు. భుజాల మీద కప్పుకున్న పల్చటి అంగీ వెనక గాలికి తేలుతుంటుంది, ఛాతీ ముందుకి, కాళ్లు ఎక్కడ ఆనుతున్నాయో కనబడదు. నేను ఆ ముక్క పిల్లలకి ఎన్నిసార్లు వేసి చూపించానో లెక్కలేదు, వెనక్కి తిప్పి, నెమ్మది చేసి, మోకాలు చూడండి, మెడ చూడండి అంటూ. ఇంకో చోట తల్లి కూతుర్ని అద్దం ముందు నిలబెట్టి, చూసుకో, నువ్వింక చిన్నపిల్లవి కాదు అన్నట్టు చూపిస్తుంది. ఆ అద్దం ముందు ఉలనోవా చేయి తన గుండె మీదికి వెళ్లే తీరు చాలు, పుస్తకం అక్కర్లేదు.

నా బాధ అంతా ఇక్కడే ఉంది. ఆ పరుగు నేను వెయ్యిసార్లు చూడగలిగాను కాబట్టి నాకు జూలియట్ అంటే ఉలనోవా. షెంబెరోవా ఆ పరుగు పరిగెత్తిందో లేదో కూడా నాకు తెలియదు, ఎందుకంటే ఆవిడ జూలియట్‌ని అలా మొదట్నుంచి చివరిదాకా సినిమాగా చూసే వీలు మనకి లేదు. పాత ఫొటోలున్నాయి. ఫొటోలో నాట్యం ఆగిపోయి ఉంటుంది, ముందు అడుగేదో వెనక అడుగేదో మనమే ఊహించుకోవాలి. సినిమా ఎక్కినావిడ చరిత్రలో మొదటి మనిషి అయిపోయింది, ఎక్కనావిడ ఒక మార్కు ప్రశ్నలో తప్పు జవాబు అయింది. ఆ తప్పు వేసిన చేయి నాదే అనుకోండి.

ఇలాంటిదే ఇంకొకటి. పారిస్‌లో పియరో వేషంతో మూకాభినయానికి రాజు అనిపించుకున్న దెబురో ఉన్నాడు కదా, ఆయన పుట్టింది 1796లో, చెక్ దేశంలోని కోలీన్ అనే ఊళ్లో. దొమ్మరాటలు ఆడుకుంటూ ఊళ్లు తిరిగే కుటుంబం. 1836లో ఆయన వీధిలో తనని గేలి చేసిన ఒక కుర్రాణ్ణి కర్రతో కొడితే ఆ కుర్రాడు చచ్చిపోయాడు. కేసు నడిచింది, చివరికి వదిలేశారు. అయితే కోర్టుకి జనం విరగబడ్డారట, న్యాయం ఏమవుతుందో అని కాదు, స్టేజి మీద ఎన్నడూ నోరు విప్పని మనిషి గొంతు ఎలా ఉంటుందో విందామని! సరే, ఇదంతా వందేళ్లకి మళ్లీ జనానికి ఎందుకు గుర్తొచ్చిందంటే 1945లో కార్నే తీసిన సినిమా వల్ల, అందులో బరో అనే నటుడు ఆ వేషం వేయడం వల్ల. సినిమా రాకపోయి ఉంటే దెబురో కూడా ఏ లైబ్రరీ అల్మారాలోనో ఉండేవాడు.

సినిమా ఉంటే మాత్రం మనిషి మొత్తం దొరుకుతుందా అంటే అదీ లేదు. ఆనీ ఓండ్రా అని చెక్ మూకీ సినిమాల్లో పెద్ద స్టార్ ఉండేది. 1929లో హిచ్‌కాక్ ఇంగ్లండ్‌లో ఆవిడతో మూకీగా మొదలుపెట్టిన సినిమాని మధ్యలో టాకీగా మార్చాల్సొచ్చింది. ఆవిడ ఇంగ్లిష్ యాస కుదరలేదు. మనకిప్పుడు డబ్బింగ్ అంటే నీళ్లు తాగినంత తేలిక గానీ అప్పటికి ఆ పద్ధతి రాలేదు, అందుకని జోన్ బారీ అనే ఇంగ్లిష్ నటి కెమెరాకి కనబడకుండా పక్కన నిలబడి మైకులో మాట్లాడుతుంటే ఓండ్రా పెదాలు కదిపింది. ఇప్పుడు ఆ సినిమా చూస్తే మనకి దొరికేది ఓండ్రాలో సగమే. చెక్ వాళ్లకి ఈ విషయంలో అదృష్టం తక్కువే అనిపిస్తుంది నాకు, ఒకరి గొంతు పోయింది, ఒకరి అడుగు పోయింది.

షెంబెరోవా విషయానికి వస్తాను, ఆవిడ జీవితంలో రెండో సగం నాకు మొదటి సగం కన్నా ఇష్టం, నేను కూడా పాఠాలు చెప్పేదాన్ని కాబట్టి కావచ్చు. ప్రాగ్ కన్సర్వేటరీలో ఆవిడ నాట్యం నేర్పేది. 1962లో అక్కడ పదిహేనేళ్ల కుర్రాడు చేరాడు, పేరు యిర్జీ కిలియాన్. ఇవాళ ప్రపంచంలో నాట్యం కూర్చేవాళ్లలో పెద్ద పేర్లు నాలుగు చెప్పమంటే అందులో ఒకటి ఆయనది. ఆయన్ని తీర్చిదిద్దిన గురువుల పేర్లు వచ్చినప్పుడు షెంబెరోవా పేరు వస్తుంది. కిలియాన్ 1967లో స్కాలర్‌షిప్ మీద లండన్ వెళ్లాడు, 1968లో స్టుట్‌గార్ట్‌లో జాన్ క్రాంకో బృందంలో చేరాడు, 1975 నుంచి ఇరవై ఏళ్లకు పైగా నెదర్లాండ్స్ డాన్స్ థియేటర్‌ని నడిపాడు. ప్రపంచమంతా ఆయన పేరు మోగింది 1978లో చేసిన సిన్ఫోనియెట్టాతో. దాని సంగీతం యానాచెక్‌ది. 1926లో రాసిన ఆ సంగీతంలో భాగాలకి ఏం పేర్లు అనుకున్నారు? బృనో కోట, బృనో మఠం, బృనో వీధి, బృనో టౌన్ హాలు! గురువు జూలియట్‌గా ఆడిన ఊరి మీద రాసిన సంగీతానికే శిష్యుడు అడుగులు కూర్చి పేరు తెచ్చుకున్నాడు. ఇది ఆయన కావాలని చేశాడని నేననడం లేదు, యానాచెక్ చెక్ వాళ్లందరి సొత్తు. అయినా ఆ బాలే చివర్లో డాన్సర్లందరూ మనకి వీపు చూపించి, చేతులు చాచి, దూరంగా ఎటో చూస్తూ నిలబడినప్పుడు నాకు ఈ మధ్య బృనోయే గుర్తొస్తోంది.

1968 ఆగస్టు 20 రాత్రి సోవియట్ ట్యాంకులు చెకొస్లొవేకియాలోకి వచ్చాయి. ముప్పయ్యేళ్లలో ఇది రెండోసారి. ఆ ఏడాదే షెంబెరోవా ఆస్ట్రేలియా వెళ్లిపోయింది. అప్పటికి ఆవిడకి యాభై అయిదేళ్లు. మనలో చాలామంది రిటైర్‌మెంట్ లెక్కలు వేసుకునే వయసు. ఎడిలెయిడ్‌లో కాపురం పెట్టి, అక్కడి ఫ్లిండర్స్ యూనివర్సిటీలో నాటకం చదువుకునే పిల్లలకి ఒళ్లు ఎలా వంచాలో, ఎలా నిలబడాలో, మాట లేకుండా మాట ఎలా చెప్పాలో నేర్పింది. యాభై అయిదేళ్లకి కొత్త దేశంలో, కొత్త భాషలో, పద్ధెనిమిదేళ్ల పిల్లల ముందు నిలబడి పాఠం చెప్పడమంటే ఏమిటో నేను ఊహించగలను. నాకు మా పక్క బ్యాచ్ పిల్లల ముందు నిలబడాలన్నా మొదటి రోజు గొంతు తడారిపోతుంది. ఆవిడకి మాత్రం చెప్పే విద్యే మూకాభినయం అయింది, అందులో వ్యాకరణం తప్పులు ఎవరూ పట్టరు కదా.

2012 అక్టోబర్‌లో ఎడిలెయిడ్‌లోనే పోయింది, తొంభై తొమ్మిదేళ్లకి. బృనోలో ఆ తెర దిగిన రాత్రి తర్వాత దాదాపు డెబ్బై నాలుగేళ్లు బతికింది. అన్నేళ్లలో ప్రపంచం నలుమూలలా ఎన్ని వందల మంది జూలియట్‌లు వచ్చారో, వాళ్లందరికన్నా ముందు ఆడినావిడ ఎడిలెయిడ్‌లో ఏ బస్సులోనో మన పక్కన కూర్చున్నా మనకి తెలిసేది కాదు.

అందుకని నా మనవి. మీరు సవరణలు వేస్తారు కదా, లోపలి పేజీలో అడుగున, చీమ తలకాయంత అక్షరాల్లో, ఫలానా పుటలో ఫలానా అచ్చుతప్పుకు చింతిస్తున్నాం అని. దీనికి అలా చేయకండి. వచ్చే ఆదివారం అనుబంధంలోనే, బాలే వ్యాసం వచ్చిన చోటే, నాలుగు వాక్యాలు వేయండి చాలు: 1938 డిసెంబర్ 30, బృనో, నాట్యం కూర్చింది ప్సోటా, జూలియట్ షెంబెరోవా. ఫొటో కూడా వేస్తే ఇంకా సంతోషం. పోయినసారి ఉలనోవా ఫొటో అర పేజీ వేశారు, ఈవిడకి రెండు కాలమ్‌లు ఇవ్వలేరా? ఇంకో మాట, నాట్యం గురించి ఎప్పుడు రాసినా "తొలిసారి" అన్న మాట దగ్గర ఒక్క నిమిషం ఆగమని మీ వాళ్లకి చెప్పండి. సంగీతం ఎవరిదో రాస్తున్నారు, కథ ఎవరిదో రాస్తున్నారు, ఆడినవాళ్ల పేరు దగ్గరికి వచ్చేసరికి ఎవరి వీడియో దొరికితే వాళ్ల పేరు పడిపోతోంది.

ఆ అమ్మాయి సంగతి చెప్పలేదు కదూ. మర్నాడే జవాబు పత్రం తెప్పించి, నేను గీసిన రెండు గీతలూ కొట్టేసి, మార్కు వేసి, పక్కన సంతకం పెట్టాను. ఈ ఏడాది ప్రశ్న కూడా మార్చాను. 1938లో బృనోలో జూలియట్ ఎవరు, 1940లో లెనిన్‌గ్రాడ్‌లో ఎవరు అని, రెండు మార్కులకి. పది మందిలో ఏడుగురు రెండూ కరెక్ట్‌గా రాశారు. మిగతా ముగ్గురూ మొన్న మీ వ్యాసం పట్టుకొచ్చి, మేడమ్, పేపర్లో వేరేలా ఉంది, మార్కు కలపండి అంటున్నారు. త్వరగా సవరణ వేయండి.

ఇట్లు,
మీ పాత పాఠకురాలు

తా.క.: పేరు అచ్చు వేసేటప్పుడు జాగ్రత్త. షెంబెరోవా. మొదటి అక్షరం షె, సె కాదు. ప్సోటాలో ప కింద స వత్తు ఉంటుంది, అచ్చుతప్పు అనుకుని మీ ప్రూఫ్ రీడర్ గారు సోటా అని దిద్దకుండా చూడండి.